మిస్ టెన్నీ వేసిన ఇరవై మార్కులు

మిస్ ఆర్విల్లా టెన్నీ మా ఇంట్లో తొమ్మిదేళ్ళు అద్దెకుంది. మేడ మీద తూర్పువైపు గది ఆవిడది. యూనివర్సిటీలో కొత్తగా చేరిన పిల్లలు రాసే వ్యాసాలు దిద్దడం ఆవిడ ఉద్యోగం. క్లాసులో నిలబడి పాఠం చెప్పేది ప్రొఫెసర్లు. పిల్లలు రాసింది చదివి, తప్పులు గుర్తుపెట్టి, మార్కు వేసి పంపేది ఆవిడలాంటి దిద్దేవాళ్ళు. రంపపు మిల్లు మూతపడ్డాక మా ఊరికి ఆ యూనివర్సిటీ తప్ప ఇంకేమీ మిగల్లేదు. ప్రతి రెండో ఇంట్లో ఒక విద్యార్థో, ఒక దిద్దే మనిషో అద్దెకుండేవాళ్ళు. వాళ్ళకి గదులిచ్చి, వండిపెట్టి మా అమ్మ ఇల్లు నెట్టుకొచ్చింది.

నేను ఎనిమిదో తరగతితో బడి మానేశాను. నాన్న సరస్సు మీద మంచుదిమ్మలు కోసే పనిలో ఉండగా పోయాడు. ఆ చలికాలం అమ్మకి చేతికింద మనిషి కావలసివచ్చింది. "మంచు కరగ్గానే మళ్ళీ పంపిస్తాలేవే" అంది. మంచు కరిగేసరికి కొత్తగా ఇద్దరు అద్దెకి వచ్చారు.

మిస్ టెన్నీ పొడుగ్గా, ఎండిన కొమ్మలా ఉండేది. కుడిచేతి మధ్యవేలు మీద ఎర్రసిరా మరక ఎప్పుడూ పోయేది కాదు. ఆదివారం చర్చికి వెళ్ళేటప్పుడు ఆ వేలు కనపడకుండా తొడుగు వేసుకునేది. ఎక్కువ మాట్లాడేది కాదు. నేనూ మాట్లాడేదాన్ని కాదు. అందుకే కాబోలు, ఆవిడ గది పొయ్యిలో బొగ్గు వేసి రావడానికి నాకు పావుగంట పట్టేది.

ఆవిడ చదువుకున్న రోజుల్లో కాలేజీలో రాయడమంటే రాయడం కాదట. వాక్యం ఎలా ఉండాలో చెప్పే నియమాల పుస్తకం ఒకటి బట్టీ పట్టి సోమవారం పొద్దున్నే అప్పజెప్పాలి. అంతే. "నాలుగేళ్ళు చదివాను, అమ్మాయ్. నా చేత ఒక్కరూ ఒక్క పేజీ రాయించలేదు. ఉపమానం ఎన్ని రకాలో మాత్రం ఇప్పుడు నిద్రలో లేపి అడిగినా చెబుతాను" అనేది. తర్వాత తూర్పు రాష్ట్రాల కాలేజీల్లో కొత్త పద్ధతి మొదలై మా దాకా వచ్చింది. నియమాలు పక్కనపెట్టి పిల్లల చేత రాయించాలి. రోజుకో పేజీ, తాము చూసింది, చేసింది. కాగితాన్ని నిలువుగా మడిచి, పైన పేరు రాసి, మధ్యాహ్నం పన్నెండు లోపల హాల్లో ఉన్న ఓక్ చెక్క పెట్టెలో వేయాలి. మిస్ టెన్నీ ఆ పద్ధతిని మతంలా నమ్మింది. దిద్దేవాళ్ళు కావాలంటే మొదట పేరిచ్చింది ఆవిడే. పద్దెనిమిదేళ్ళయింది. రోజుకో పేజీ వారానికి రెండయింది, చదివేవాళ్ళు చాలక. అయినా ఆవిడ వాటాకి వారానికి మూడు వందల కాగితాలు వచ్చేవి. ఉద్యోగం మాత్రం ఏ ఏడాదికి ఆ ఏడాదే. ప్రతి మే నెలలో 'వచ్చే ఏడాదికి కూడా మిమ్మల్ని నియమించడమైనది' అని ఉత్తరం రావాలి. రాకపోతే అంతే.

ఒక సెప్టెంబరు మధ్యాహ్నం నేను బొగ్గు తీసుకువెళ్ళేసరికి ఆవిడ కిటికీ దగ్గర నిలబడి కాగితాన్ని చెవి పక్కన పెట్టుకుని చూస్తోంది. ముఖం ఒకవైపు, కాగితం ఇంకోవైపు. నేను బొగ్గు వేయకుండా నిలబడిపోయాను.

"చూశావా?" అంది.

"ఊ" అన్నాను.

"మధ్యలో కనిపించదు. చుట్టూ కనిపిస్తుంది. నువ్వున్నావని తెలుస్తుంది, నీ ముఖం తెలియదు. ఏ అక్షరం వైపు చూస్తే ఆ అక్షరమే పోతుంది." కాగితం కిందపెట్టింది. "షికాగోలో ఇద్దరు కంటి డాక్టర్లకి చూపించాను. ఇద్దరూ ఫీజు తీసుకుని చాలా మర్యాదగా మాట్లాడారు."

నేను బొగ్గు వేశాను. వెళ్ళిపోతుంటే, "టిల్డా, నువ్వు గట్టిగా చదవగలవా?" అని అడిగింది. నా పేరు ఆవిడకి తెలుసని అప్పటిదాకా నాకు తెలియదు.

అప్పటినుంచి మధ్యాహ్నం గిన్నెలు తోమేశాక, మళ్ళీ బంగాళాదుంపల చెక్కు తీయడానికి కూర్చునేలోగా, రోజూ మేడ మీదకి వెళ్ళేదాన్ని. అమ్మకి తెలుసు, ఏమీ అనలేదు. నేను చదివేదాన్ని. ఆవిడ కళ్ళు మూసుకుని వినేది. తప్పు ఉన్నచోట నేను పక్కన గుర్తు పెట్టాలి. మొదట్లో నాకు తప్పులు దొరికేవి కావు. నాలుక దానంతట అదే సరిచేసుకుని చదివేసేది. "ఆ పిల్లాడు అలా రాసి ఉండడు, మళ్ళీ చదువు. అతని తప్పులు అతనికి ఉండనివ్వు" అనేది. క్రిస్మస్ నాటికి ఆవిడ గుర్తులన్నీ నా చేతికి వచ్చాయి. ఆవిడ చేతిరాత కూడా వచ్చింది.

ప్రతి జనవరిలో సరస్సు మీద స్కేటింగ్ గురించి ఒక వ్యాసం వచ్చేది. కుర్రాళ్ళు కలిసి ఉండే ఇళ్ళలో పాత వ్యాసాలు ఒక పెట్టెలో దాచి, ఏటా కొత్తవాళ్ళు కాపీ కొట్టుకునేవాళ్ళట. నేను రెండు వాక్యాలు చదివానో లేదో ఆవిడ చెయ్యెత్తింది. "ఆగు. తర్వాత చంద్రుడొస్తాడు, ఆ తర్వాత ఎర్ర టోపీ అమ్మాయి పడిపోతుంది. అవునా?"

"అవునండీ."

"ఆ అమ్మాయిని పన్నెండేళ్ళుగా లేవదీస్తున్నాను. 'ఈసారి ఆమెను ఇంటికి పంపేయండి' అని రాయి."

ఆవిడ వ్యాసాల చివర మార్కుతో పాటు ఒక ప్రశ్న రాయించేది. అందరి దగ్గరా అదే మాదిరి, చిన్న ప్రశ్న. 'ఆ గుర్రాన్ని ఏమని పిలిచేవారు?' 'మీ అత్త ఆ మాట అన్నాక ఎటు చూసింది?' కొందరు కుర్రాళ్ళు జవాబు రాసి పంపేవాళ్ళు, మార్కు పెరగదని తెలిసినా. ఆ జవాబులు నేను చదివేటప్పుడు ఆవిడ కళ్ళు తెరిచే ఉంచేది.

ఫిబ్రవరి మొదట్లో యూనివర్సిటీలో తన పేరున్న గూటిలోంచి ఆవిడ తెచ్చిన కాగితాల్లో ఒక అచ్చు చీటీ ఉంది. నేనే చదివాను. ప్రొఫెసర్ డ్వైట్ లూమిస్ రాశాడు. కొత్తగా వచ్చి, దిద్దేవాళ్ళందరి మీదా పెద్దగా ఉన్న మనిషి. రాతని కొలవాలని ఆయన పట్టుదల. గోధుమల్ని తూచినట్టు వ్యాసాన్ని కూడా తూచవచ్చనీ, తర్ఫీదైన మనిషి ఏ కాగితానికైనా ఒకే కొలత చెప్పగలడనీ ఆయన అనేవాడు. శనివారం పొద్దున తొమ్మిదికి పదకొండుమంది దిద్దేవాళ్ళూ ఒక గదిలో కూర్చోవాలి. ఒకే ఇరవై వ్యాసాలు అందరికీ ఇస్తారు. రెండు గంటల్లో నూటికి ఇన్ని అని మార్కులు వేయాలి. ఎవరి కొలత సరిగ్గా ఉందో చూసి, దాన్నిబట్టి వచ్చే ఏడాది నియామకాలు.

మిస్ టెన్నీ చీటీ చేతిలోకి తీసుకుని అంచులు తడిమింది. "ఇంకోసారి చదువు."

ఇంకోసారి చదివాను. మాటలు మారలేదు.

"జ్వరమని చెబుదామండీ" అన్నాను.

"రాని వాళ్ళ చేత తన గదిలో కూర్చోబెట్టి చేయిస్తానని కిందే ఉందిగా."

"పోనీ నిజం చెప్పేస్తే?"

ఆవిడ చీటీ మడతపెట్టింది. "నాకు డకోటాలో ఒక తమ్ముడున్నాడు. మట్టి ఇల్లు, ఆరుగురు పిల్లలు. వాళ్ళావిడ నన్ను రెండుసార్లు చూసింది, రెండుసార్లూ నా పుస్తకాలు ఎక్కడ పెట్టాలని అడిగింది. ఈ పని లేకపోతే నేను వెళ్ళాల్సింది అక్కడికే. వెళ్ళి ఏం చెయ్యను, టిల్డా? కుట్టలేను. వండలేను. చదవలేను."

ఆ వారమంతా నేను ఏదో ఒకటి తడుతుందని చూశాను. తట్టలేదు. నేను ఆ గదిలోకి వెళ్ళలేను. కాగితం బయటికి తేవడం ఆవిడ వల్ల కాదు. శుక్రవారం అమ్మతో చెప్పాను. "మనమేం చెయ్యగలమే? నువ్వు నోరు జారకు, అంతే" అంది అమ్మ. నేను నోరు జారే మనిషినే అయితే అప్పటికి సగం ఊరికి తెలిసి ఉండేది.

శనివారం నేనే ఆవిడ్ని తీసుకెళ్ళాను. మంచు మీద జారతారని చెయ్యి పట్టుకుంటే ఎవరూ తప్పుగా అనుకోరు. గది బయట కోట్లు తగిలించే చోట బల్ల మీద కూర్చున్నాను. తలుపుకి గాజు పలక ఉంది. లోపల అందరూ కనిపిస్తున్నారు. పంచిపెట్టిన కాగితాలు చూడగానే గాజుకి దగ్గరగా జరిగాను. చేతిరాతలు కావు. జిగురు పలక మీద అద్ది తీసిన నకళ్ళు, ఊదారంగువి. ఆఖరి నకళ్ళు నాకే కనపడవు, అంత పాలిపోతాయి. నల్లసిరాతో పెద్దగా రాసినదైతే ఆవిడ చెవి పక్కన పెట్టుకుని రెండు మూడు మాటలైనా పట్టుకునేది.

ఆవిడ కాగితాన్ని అందరిలాగే ఎదురుగా పెట్టుకుంది. కాసేపు చూసింది. తిప్పింది. కాసేపు చూసింది. కలం ఎత్తి ఏదో రాసింది. పక్కకి పెట్టి ఇంకోటి తీసుకుంది. తొందరపడలేదు. తన పక్కన కూర్చున్న ఇంకో దిద్దే మనిషి గేజ్ తల గోక్కుంటూ, వేసిన మార్కు కొట్టేస్తూ, ముందు కాగితం మళ్ళీ తీసుకుంటూ ఉన్నాడు. ఆవిడ మాత్రం ప్రశాంతంగా ఇరవై కాగితాలూ పూర్తిచేసి, అంచులు సమం చేసి, చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. నేను గాజులోంచి చూస్తూనే ఉన్నాను. లేచి తలుపు తీసి ఏదైనా అనాలనిపించింది. కూర్చునే ఉన్నాను.

తిరిగి వస్తూ వంతెన దాటాక అంది: "ఒక్కటీ చదవలేదు. ఒక్క పేరా కూడా."

"మరి?"

"పద్దెనిమిదేళ్ళలో నా చేతిలోంచి వెళ్ళిన కాగితాల్లో చాలాభాగం అరవై అయిదుకీ డెబ్బై ఎనిమిదికీ మధ్యే. ఆ లోపలే వేసుకుంటూ పోయాను. ఒకటి అరవై ఆరు, ఒకటి డెబ్బై నాలుగు. ఎవరిదో, దేనికో తెలియదు." కాస్త దూరం నడిచాక, "బాగా రాసినవాడు ఒకడైనా ఉంటాడు అందులో" అంది.

పది రోజుల తర్వాత ఆ సంగతి మా భోజనాల బల్ల మీదే బయటపడింది. గేజ్ మా ఇంట్లో భోజనానికి మాత్రం వచ్చేవాడు. నోరు పెద్దది, జీతం చిన్నది. కూర్చోకముందే మొదలుపెట్టాడు.

"మిసెస్ బ్రెక్కె, ఈ రోజు సెలబ్రేషన్! ఇంకో రెండు ముక్కలు పంది మాంసం పడాలి. మీ ఇంట్లో ఒక తక్కెడ కాపురముంటోంది, తెలుసా?"

"ముందు కూర్చుని తిను బాబూ, చల్లారిపోతోంది" అంది అమ్మ.

"లూమిస్ గారు పట్టిక గోడకి అంటించారు. ఆరో నంబరు వ్యాసానికి నేను ముప్పై ఎనిమిది వేశాను. నా పక్కన హంఫ్రీ దానికే తొంభై ఒకటి వేశాడు! ఒకే కాగితం! నేను గాడిదనా, అతను గాడిదా అని పొద్దుటినుంచి తగువు."

"ఇద్దరూ కావచ్చుగా" అంది అమ్మ.

"ఉండండి, అసలు సంగతి ఇది కాదు. పదకొండుమంది వేసినవీ కలిపి సగటు తీశారు, అన్నీ డెబ్బై దగ్గరే తేలాయి. ఇరవై కాగితాలూ కలిపి చూస్తే ఆ సగటుకి అందరికంటే దగ్గరగా ఉన్నది ఎవరో చెప్పండి. మన మిస్ టెన్నీ! లూమిస్ గారు ఆవిడ వరస కింద నీలం పెన్సిలుతో గీత గీశారు. 'నేను చెబుతూ వచ్చింది ఇదే, ఇదీ కొలత' అని అందరికీ చూపిస్తున్నారు. మిస్ టెన్నీ, రహస్యం ఏంటో మాక్కూడా చెప్పండి!"

మిస్ టెన్నీ చేతిలో ఫోర్కు ఆగింది. ముఖంలో రంగు పోవడం నేను చూశాను. "నాకు తెలియదు, మిస్టర్ గేజ్" అంది. అది సిగ్గనుకుని అతను నవ్వాడు. అమ్మ సంతోషంతో ఆవిడ పళ్ళెంలో ఇంకో ముక్క యాపిల్ కేకు పెట్టింది. ఉద్యోగం నిలబడిందని అమ్మ ఆనందం. నాకూ అదే ముందు తట్టింది.

ఆవిడ ఆ కేకు ముట్టుకోలేదు. మేడ మెట్లెక్కుతూ, వెనకే ఉన్నావా అని అడిగి, ఉన్నానంటే అంది: "వాళ్ళు చదివి వేశారు, టిల్డా. పదిమందీ చదివారు. ప్రతి కాగితమూ. చదివినవాళ్ళందరిలో ఏ ఒక్కరూ నా అంత సరిగ్గా వేయలేదు."

మర్నాడు పొద్దున ఆవిడ టోపీ పెట్టుకుని, "నన్ను లూమిస్ గారి దగ్గరికి తీసుకెళ్ళు" అంది. దారిలో నేను ఒకసారి ఆగాను. ఆవిడ ఆగలేదు.

ఆయన లేచి నిలబడి కుర్చీ జరిపాడు. నన్ను చూసి, "ఈ అమ్మాయి?" అన్నాడు.

"మా ఇంటామె కూతురు. ఉండనివ్వండి. నాకు కళ్ళు కనపడవు, ప్రొఫెసర్ గారూ. ఆ శనివారం నేను ఒక్క వ్యాసమూ చదవలేదు. ఊహించి వేశాను."

ఆయన ముందు నవ్వాడు. తర్వాత ఆవిడ ముఖం ముందు చెయ్యి కదిపి చూశాడు. నవ్వు ఆగిపోయింది. వెళ్ళి తలుపు మూశాడు.

"ఇంకెవరికి చెప్పారు?"

"ఎవరికీ చెప్పలేదు."

"పట్టిక షికాగోకి వెళ్ళింది. అచ్చవుతోంది. వచ్చే నెల పత్రికలో వస్తుంది. మీ వరస... మిస్ టెన్నీ, ఆ వరస లేకపోతే అందులో ఏముంది? పదిమంది పది రకాలుగా వేశారని ఉంటుంది. అంతే ఉంటుంది."

"అదే నిజం కదండీ."

"మీరు పద్దెనిమిదేళ్ళు దిద్దారు. చదవకపోయినా చేతికి ఆ కొలత వచ్చేసిందని ఎందుకనుకోకూడదు?" ఆ మాట అన్నాక ఆయనకే నచ్చినట్టుంది. గొంతు కొంచెం మెత్తబడింది. "చూడండి. సెప్టెంబరు నుంచి మీకు వారం వారం కట్టలు రావు. మిగతావాళ్ళకి మార్కు దగ్గర తేడా వచ్చినప్పుడు మీ దగ్గరికి వస్తారు. మీరు తేల్చండి. ఈ అమ్మాయి చదివి పెడుతుంది. చదవగలవా, అమ్మాయ్?"

అప్పటికి అయిదు నెలలుగా ఆవిడ కాగితాల మీది ప్రతి గుర్తూ నాదే. ఆ మాట నోటి చివరిదాకా వచ్చింది. తల ఊపాను.

"అయితే ఇంకేముంది? మే దాకా ఆగక్కర్లేదు, ఉత్తరం ఈ రోజే రాసి ఇస్తాను. ఈ మాట మాత్రం ఈ గదిలోనే ఉండనివ్వండి."

"నేను పని మానేస్తానంటే?" అంది మిస్ టెన్నీ.

"మానేసి?" అన్నాడాయన. దురుసుగా అనలేదు. నిజంగానే అడిగాడు.

ఉత్తరం కవరులో పెట్టి ఆవిడ చేతికే ఇచ్చాడు.

సెప్టెంబరులో మిస్ హాలొరన్ అని కొత్తగా ఒకామె దిద్దడానికి చేరింది. చిన్న మనిషి, పట్టుదల ఎక్కువ. మూడో వారంలోనే తనకీ గేజ్‌కీ ఒక కాగితం దగ్గర తగవు పడింది. ఒకరోజు మధ్యాహ్నం ఇద్దరూ మేడ మీదకి వచ్చారు.

"మీరే చెప్పండి, మిస్ టెన్నీ. నేను నలభై అయిదు వేశాను, ఈవిడ తొంభై అంటోంది" అన్నాడు గేజ్. "పేరాలు లేవు, చుక్కలు లేవు, మొదలూ తుదీ లేదు."

"మొదలుంది! మీరు రెండో వాక్యం దగ్గరే ఆపేశారు!"

"నా భోజనం టైమయింది మరి."

"చదువు, టిల్డా" అంది మిస్ టెన్నీ.

గనుల ఊరి కుర్రాడు రాసినది. వాళ్ళ చిన్నాన్న పనిచేసే రాగి గని మూసేశారు. అయినా ఆయన మూడు వారాలు రోజూ పొద్దున్నే అన్నండబ్బా పట్టుకుని గేటు దాకా వెళ్ళేవాడు. గేటుకి తాళం. అక్కడే నిలబడి, మధ్యాహ్నం గని కూత వేసే టైముకి డబ్బా విప్పి తిని, ఇంటికొచ్చేవాడు. కూత మాత్రం ఎవరూ వేసేవాళ్ళు కాదు. పిన్ని రోజూ డబ్బా కట్టేది, ఏమీ అడిగేది కాదు. నాలుగో వారం ఆవిడ డబ్బా కట్టలేదు. అంతే ఉంది. తప్పులు చాలా ఉన్నాయి. నేను అతని తప్పులు అతనికి ఉంచే చదివాను.

చదవడం అయింది. మిస్ టెన్నీ పెదవులు కదిలాయి. ఏదో అడగబోతోందనుకున్నాను. నేను చూస్తూనే ఉన్నాను. ఆవిడకి ఆ కాగితం నచ్చింది. ఏడాదిగా ఆవిడ ముఖం చదవడమే నా పని, నాకు తెలుసు.

"మీరెంత వేశారన్నారు?" అంది.

"నలభై అయిదు."

"మీరు?"

"తొంభై" అంది మిస్ హాలొరన్, ఆశగా.

"అరవై ఎనిమిది వేయండి."

మిస్ హాలొరన్ కలం పట్టుకుని అలాగే ఉండిపోయింది. గేజ్ నా చేతిలోంచి కాగితం తీసుకుని రాసేశాడు. "చూశారా, న్యాయం!" అంటూ మెట్లు దిగాడు. కింద అమ్మ అతన్ని కాఫీ తాగి వెళ్ళమంటోంది.

వాళ్ళు వెళ్ళాక అడిగాను. అంతవరకూ ఆవిడ్ని నేనెప్పుడూ ఏదీ అడగలేదు. "అది బాగుంది కదండీ?"

"బాగుంది."

"మరి అలా ఎందుకు చెప్పారు?"

"ఎంత బాగుందో నాకెలా తెలుస్తుంది, టిల్డా? చదివితే తెలియదు, చదవకపోతే తెలుస్తుంది. గోడ మీద రాసి పెట్టారుగా." కిటికీ వైపు తిరిగింది. వెలుతురు ఎటుందో మాత్రం ఆవిడకి ఇంకా తెలిసేది.

కాగితం మార్కుతో ఆ కుర్రాడి గూటికి వెళ్ళింది. కింద ఇంకేమీ రాయలేదు. అతను ఆ తర్వాత ఏం రాశాడో మాకు తెలియదు. తగవు పడ్డ కాగితాలే మా దగ్గరికి వచ్చేవి. అతనివి మళ్ళీ ఎప్పుడూ రాలేదు.